రష్యా ఆయనకు వన్స్‌మోర్

మా ఆయనకు పద్యం రాదు. మా వైపు నాటకాలాడాలనుకునే మనిషికి అంతకంటే పెద్ద అవిటితనం లేదు. మనిషి నిలువెత్తు, మీసం దువ్వితే రాజే, ఆదోని కోర్టులో గోడలు అదిరే గొంతు. అయినా కంబన్న హార్మోనియం మీద శ్రుతి పట్టీ పట్టగానే ఆ గొంతు తాడు తెంపుకున్న దూడలాగా ఎటో పోయేది. అందుకని ఏళ్ల తరబడి ఆయన ద్వారపాలకుడు, లేదంటే దూత, లేదంటే యుద్ధం మొదలైన కాసేపటికే చచ్చిపోయే సేనాపతి.

పద్యం బాగుంటే మా జనం వన్స్‌మోర్ అంటారు. అన్నాక పాడి తీరాలి. చచ్చిపడున్న వాడైనా సరే లేచి, దుమ్ము దులుపుకుని, ఇంకోసారి పాడి, ఇంకోసారి చావాలి. జనం వన్స్‌మోర్ అన్నాక కాదన్న నటుడు మా తాలూకాలో పుట్టలేదు. ఆ మాట మా ఆయన వేదిక మీద చాలాసార్లు విన్నాడు. ఎప్పుడూ పక్కవాడికే.

యాభైనాలుగు చలికాలంలో కర్నూల్లో ప్రభుత్వం పడిపోయింది. డేరాల్లో నడిచే రాజధాని కదా, గాలికి పడిందేమో అనుకుంది మా అత్త సుబ్బలక్ష్మమ్మ. ఎన్నికలన్నారు. మా మామ నరసింహప్పకు టిక్కెట్టు వస్తుందన్నారు. ఆయనకు టిక్కెట్టు రాకపోతే ఇంకెవరికి వస్తుంది అని కోసిగి రైలుస్టేషన్లో టీ తాగేవాళ్లు కూడా అన్నారు. రెండేళ్ల కిందటి కరువులో, మా తాలూకా ఇంకా బళ్లారి జిల్లాలో ఉన్నప్పుడు, సర్కారు గంజి కేంద్రం నడిపించింది మా మామే. చుట్టుపక్కల ఊళ్లు మా దొడ్లో వరసగా కూర్చుని గంజి తాగాయట. నేనింకా అప్పుడు అనంతపురంలో చదువుతున్నాను. పెళ్లయి ఈ ఇంటికొచ్చేసరికి కరువు పోయింది, 'గంజి పోసిన చెయ్యి' అనే పేరు మిగిలింది. ఆ పేరు చూసే నన్నిచ్చారు.

మామ నన్ను ఎప్పుడూ పేరు పెట్టి పిలవలేదు. 'బీయే' అనేవాడు. "బీయే, కాఫీ తీసుకురా." "బీయే, ఈ ఇంగ్లీషు కాయితం ఏమంటాండాది సూడు." ఎవరైనా పెద్దమనుషులొస్తే వాకిట్లోంచే కేకేసేవాడు, "మా ఇంట్లో బీయే ఉండాది, మీ ఇంట్లో ఏముండాది?" అని. పుట్టింట్లో కూడా నా చదువుకు అంత మర్యాద జరగలేదు.

కడప నుంచి పార్టీ పెద్ద ఒకాయన వస్తున్నాడని, మామకు ఊళ్లలో ఎంత పలుకుబడి ఉందో కళ్లారా చూసి టిక్కెట్టు సంగతి అక్కడికక్కడే తేలుస్తాడని కబురొచ్చింది. పలుకుబడి చూపించాలంటే జనాన్ని పోగెయ్యాలి. జనం పోగవ్వాలంటే మా వైపు నాటకం తప్ప దారి లేదు. ఆ బాధ్యత మా ఆయన నెత్తిన వేసుకున్నాడు. ఆ రాత్రి అన్నం దగ్గర మెల్లగా అడిగాడు.

"నీ పెట్టెలో పుస్తకాలుండాయి గదా. పద్యాలు లేని నాటకం ఏదన్నా ఉండాదా?"

ఉంది. అంటే, నాటకం లేదు. నాటకం గురించిన పుస్తకం ఉంది.

కాలేజీలో మాకు ఇంగ్లీషు చెప్పిన ఆవిడ ఉద్యోగం మానేసి పోతూ నా చేతిలో పెట్టిపోయిన పుస్తకం అది. నూరేళ్లకు పైబడి ఆడుతున్న ఒక రష్యా నాటకం గురించి, దాన్ని రాసిన మనిషి గురించి. ఆయన పేరు మా ఇంట్లో ఒక్కరి నోరు తిరిగేది కాదు కాబట్టి రష్యా ఆయన అనే అందాం. ఒక చిన్న ఊరి పెద్దలకు, పైనుంచి ఒక అధికారి మారువేషంలో తనిఖీకొస్తున్నాడని తెలుస్తుంది. సత్రంలో అప్పుపడి తింటున్న ఒక పనికిమాలినవాణ్ణి చూసి వాడే అనుకుని కాళ్ల మీద పడతారు. వాడు తిని, తాగి, అందరినీ ఊడ్చుకుని పోయాక, అసలు అధికారి దిగాడని కబురొస్తుంది. అంతే. అందరూ ఉన్నచోటనే బొమ్మల్లా బిగుసుకుపోతారు. మాట లేదు, పాట లేదు. తెర.

ఆ చివరి ఘట్టమంటే రష్యా ఆయనకు ప్రాణమట. నటులు తొందరపడి కదిలిపోతున్నారని, ఇంకా నిలబడండి, ఇంకా నిలబడండి అని బతిమాలాడట. పుస్తకం చివర ఆ ఘట్టానివే ఫొటోలు. ఒక్కో దేశంలో ఒక్కో కంపెనీవాళ్లు ఆడినవి. దేశాలు వేరు, టోపీలు వేరు, బట్టలు వేరు. తెరుచుకున్న నోళ్లు మాత్రం ఒకటే. వంటయ్యాక మధ్యాహ్నాలు ఆ నోళ్లు చూసుకుంటూ పడుకునేదాన్ని. నవ్వొచ్చేది. మన వాళ్లకు ఆ వేషాలేస్తే ఎవరి నోరు ఎంత తెరుచుకుంటుందా అని లెక్కలేసేదాన్ని.

"రష్యానా?" మా ఆయన చేతిలో ముద్ద ఆగిపోయింది. "ఎలక్షన్లల్లో మా నాయన ముందర రష్యా నాటకమా? టిక్కెట్టు సంగతి తర్వాత, ఇంట్లో తిండి గూడా పుట్టదు మనకు."

"బెంగాల్ నాటకమని చెప్పండి," అన్నాను.

ఆ రోజుల్లో బెంగాల్ అంటే ఎవరూ ఎదురు చెప్పేవారు కాదు. మంచిదేదైనా అక్కణ్ణుంచే వస్తుందని తెలుగువాళ్లకొక నమ్మకం. "బెంగాలంటే బెంగాలే," అని మామ కూడా తలూపాడు. రాసింది శ్రీనివాసులు, అనుసరణ, అని కాగితాలు అచ్చేశారు. శ్రీనివాసులంటే మా ఆయన. నాకేం బాధ కలగలేదు. ఇంటి కోడలు పేరు గోడల మీద ఎక్కడం కంటే, నాటకం వేదిక ఎక్కడమే నాకు కావాల్సింది.

చిక్కల్లా ఒకటే. పుస్తకంలో నాటకం మొదలుంది, చివరుంది. నడుమ ఏం జరిగిందో ముక్కలు ముక్కలుగా ఉంది. ఆ నడుమ నేను నింపాలి. ఊరి పెద్ద చేసిన వెధవపనులు ఒక్కొక్కటీ దొంగ అధికారి కంటపడాలి. రష్యాలో ఊరి పెద్దలు ఏం చేస్తారో నాకేం తెలుసు? మనకు తెలిసినవే రాశాను. జీతం తీసుకుని బడికి రాని అయ్యవారు. కాగితం మీద తవ్విన బావి. వాటి వరసలోనే ఒక గంజి కేంద్రం పెట్టాను. మామను సంతోషపెడదామనే పెట్టాను. వేదిక మీద దొంగ గంజి చూసి జనం నవ్వుతారు, నవ్వి, మన నరసింహప్ప పోసిన గంజి తలుచుకుంటారు. పార్టీ పెద్ద అది చూస్తాడు. అదీ నా ఎత్తు.

మరి గంజిలో దొంగతనం ఎట్లా చేస్తారు? వంటింట్లో కూర్చుని ఆలోచించాను. చెప్పకుండా చుట్టాలొస్తే మనమేం చేస్తాం, చారులో నీళ్లు కలుపుతాం. కానీ తనిఖీకొచ్చినవాడు పలచనైతే పట్టేస్తాడు. వాడు చూసేది రెండే, గంజి చిక్కగా ఉందా, గంగాళం నిండా ఉందా. చిక్కగానూ ఉండాలి, నిండుగానూ ఉండాలి, గింజలు మాత్రం సగమే పడాలి. పొయ్యి మీద పాలు పొంగేలోగా నాకు తట్టింది. గంగాళం అడుగున విసుర్రాయి పెడితే సరి. ఒక్కదాన్నే పకపకా నవ్వాను. రష్యా ఆయనకు కూడా తట్టి ఉండదు ఇది.

పెద్ద వేషాలకు ఆదోని నుంచి గుమాస్తాలు, అయ్యవార్లు వచ్చారు. మా ఊరివాళ్లు ఇద్దరే. హార్మోనియానికి కంబన్న, గంజి వండేవాడి వేషానికి మా దగ్గర జీతానికుండే ఉరుకుందు. మా దొడ్లోనే అభ్యాసం. నేను వంటింటి కిటికీ దగ్గర నిలబడి వినేదాన్ని. మా ఆయన రాయని నాటకంలో తప్పులు దిద్దుతూ, కాఫీకని లోపలికొచ్చి నన్నడిగి పోయేవాడు.

అన్నిటికంటే పెద్ద కష్టం కంబన్నతో వచ్చింది. చివర్లో అందరూ బిగుసుకుపోగానే అతని వేళ్లు మెట్ల మీద పడేవి.

"వాయించొద్దు కంబన్నా. అందరూ ఊరికే నిలబడాల. నిశ్శబ్దం."

"ఊరికే ఎట్ల నిలబడ్తారు సారూ? పద్యం మర్సిపోయినారనుకుంటారు జనం."

"అనుకోనీ."

"మీ పరువుకు కాదప్పా, నా పరువుకు. నేనుండంగ స్టేజీ మీద సప్పుడు లేదంటే రేపు నన్ను ఏ కంపెనీవోడు పిలుస్తాడు?"

ఉరుకుందుకు గంజి ఘట్టం చదివి వినిపించిన రోజు మాత్రం దొడ్లోంచి నవ్వు రాలేదు. ఉరుకుందు గొంతు వినిపించింది.

"ఇది మీ నాయనకు తెలుసునా సారూ?"

"ఆయన కోసమే గదప్పా పెట్టింది," అన్నాడు మా ఆయన.

"ఆయన కోసమే పెట్టిండారా?"

"అవునప్పా. జనానికి గుర్తుకు రావాలని."

"అట్లనా," అన్నాడు ఉరుకుందు. "అట్లయితే గంగాళం నేనే తెస్తాలే. మీ ఇంట్లోదే ఉండాది," అన్నాడు.

కిటికీ దగ్గర నేను తలూపుకున్నాను. అసలు గంగాళమే వేదికెక్కితే ఇంకేం కావాలి. మా అత్త ఆ రోజు ఉరుకుంద ఈరన్నస్వామి గుడికి పోయింది. ఉండుంటే ఏం జరిగేదో నాకు తెలీదు. వెనక కొట్టంలోంచి ఉరుకుందు గంగాళం దొర్లించుకుపోయాడు. దాని వెంట, ఎవరూ అడక్కుండానే, మూలనున్న పాత విసుర్రాయి కూడా భుజాన వేసుకుపోయాడు. మా ఇంట్లో అన్ని విసుర్రాళ్లుండగా దాన్నే ఎందుకు ఎత్తుకున్నాడా అనుకున్నాను. అనుకుని, పోపు మాడుతుంటే లోపలికి పోయాను.

పార్టీ పెద్దకు సాయంత్రం రైలు. అందువల్ల మా తాలూకాలో మొట్టమొదటిసారి మిట్టమధ్యాహ్నం నాటకం. పత్తి మిల్లు ఆవరణలో చాందినీ కట్టారు. రాత్రి దీపాల కింద ముఖాలకు అందమిచ్చే ముత్యాలపొడి ఎండలో సున్నం పూసినట్టుంది. కోసిగి నుంచి, చుట్టూ ఊళ్ల నుంచి బండ్లు కట్టుకుని జనం దిగారు. మగవాళ్లు ఒకవైపు, ఆడవాళ్లు ఒకవైపు, ముందు కుర్చీల్లో పెద్దలు. నేను అత్త పక్కన చాప మీద. మా ఇంట్లో పనిచేసే గిడ్డమ్మ నా పక్కనే నేల మీద కూర్చుంది.

ఆదోని నుంచి ఫొటోలు తీసే ఆయన్ని కూడా పిలిపించాను. ఆ పుస్తకంలో ఉన్నట్టు మాదీ ఒకటి కావాలని నా కోరిక. చివరికి కంబన్న కూడా నిశ్శబ్దానికి ఒప్పుకున్నాడు. నల్లగుడ్డ కప్పుకుని మూడుకాళ్ల పెట్టె పక్కన నిలబడ్డాయనకు మా ఆయన వివరంగా చెప్పాడు. "నాటకంలో యాడంటే ఆడ తీయొద్దు. ప్లేటు వేస్టు. అందరూ బొమ్మల మాదిరి బిగుసుకపోతారు సూడు, కదలక మెదలక, అప్పుడు తీయాల. ఒగటే."

ముందు సన్మానం. పార్టీ పెద్ద మామ మెడలో దండ వేసి జనం వైపు తిరిగాడు.

"కరువులో ఈ చెయ్యి గంజి పోసింది. ఈ చేతిని మీరు మర్సిపోరని నాకు తెలుసు."

"మర్సిపోం," అన్నారు జనం. గట్టిగానే అన్నారు. మామ చేతులు జోడించాడు. ఆ క్షణంలో ఆయన్ని చూసి నాకు కళ్లలో నీళ్లు తిరిగిన మాట నిజం.

నాటకం మొదలైంది. బడికి రాని అయ్యవారికి జనం నవ్వారు. కాగితం మీది బావికి ఈలలు వేశారు. పద్యం లేకపోయినా జనం కూర్చున్నారు. నా ఒళ్లంతా చెవులే. తర్వాత గంజి ఘట్టం. వేదిక నడుమ మా గంగాళం, నిండా గంజి. తలగుడ్డ చుట్టుకుని ఉరుకుందు. దొంగ అధికారి వేషంలో, కోటు వేసుకుని, మా ఆయన.

"చూడప్పా, చిక్కగా ఉందా?"

"చిక్కగుండాది దొరా."

"నిండా ఉందా?"

"అంచుదాకా ఉండాది దొరా."

"అట్లయితే అడుగు చూద్దాం." మా ఆయన పొడుగు ఇనప గరిటె తీసుకుని గంగాళంలోకి దించాడు.

ఠంగ్ మంది.

అప్పుడు నవ్వాలి. అక్కడ ఎంతసేపు నవ్వుతారో కూడా నేను అంచనా వేసి, ఆపైన ఉరుకుందు మాట పెట్టాను. ఎవరూ నవ్వలేదు. నవ్వు రాకపోవడం ఒకటి. ఇది అది కాదు. పిల్లలు వేరుసెనక్కాయలు ఒలవడం ఆగిపోయింది. ఎవరో దగ్గబోయి మింగారు. చాందినీ కింద అన్ని ఊళ్ల జనం, ఆడా మగా, మెడలు కాస్త ముందుకు చాచి గంగాళం వైపే చూస్తున్నారు. మిల్లు రేకుల మీద ఎండకు రేకు చిటపటలాడడం వినిపిస్తోంది. కంబన్న రెండు చేతులూ హార్మోనియం మీంచి తీసి ఒళ్లో పెట్టుకున్నాడు.

వెనకెక్కడో, గట్టిగా కాదు, మామూలుగా ఒక గొంతు.

"వన్స్‌మోర్."

మా ఆయన ముఖం చూడాలి. ముత్యాలపొడి కింద ఎర్రబడింది. జీవితంలో మొదటిసారి ఆ మాట ఆయనకు వినిపించింది. గరిటె పైకెత్తి, జనానికి చూపించి, ఈసారి ఇంకొంచెం ఠీవిగా దించాడు.

ఠంగ్.

"వన్స్‌మోర్." ఇది ఆడవాళ్ల వైపు నుంచి. మా వైపు ఆడవాళ్లు వన్స్‌మోర్ అనడం అంతకు ముందు నేను వినలేదు. తర్వాత కూడా వినలేదు.

ఠంగ్.

వేదిక మీద ఉరుకుందు మా ఆయన్ని చూడడం లేదు. ముందు కుర్చీలో ఉన్న మామను చూస్తున్నాడు.

"గిడ్డమ్మా," అన్నాను మెల్లగా. "ఏంది? ఏమైంది వీళ్లకు?"

గిడ్డమ్మ నా వైపు తిరగలేదు. "ఏం లేదమ్మా. గరిటె సప్పుడు."

"గరిటె సప్పుడైతే?"

"ఆ పొద్దు ఇంగా గట్టిగా మోగుతాండె. కడుపు కాలీ గదమ్మా. శానా దూరం ఇనపడుతుండె."

ఆమె గొంతులో కోపం లేదు. ఎండాకాలం ఎండ ఎక్కువ అన్నట్టు చెప్పింది. అటుపక్క మా అత్త చెయ్యి వచ్చి నా మణికట్టు పట్టుకుంది. చల్లగా ఉంది.

"ఎవురు రాసిరే దీన్ని?" అంది.

నేను గంగాళం వైపు చూశాను. ఏడాదికి పైగా గంజి పోసిన ఆ దొడ్లోనే ముగ్గు వేస్తున్నాను. ఆ గంగాళంలోనే కోతల రోజుల్లో సంగటి కెలికించాను.

ఇంకోసారి వన్స్‌మోర్ అన్నది పార్టీ పెద్ద. పకపకా నవ్వింది ఆ మనిషి ఒక్కడే. తొడ చరుచుకుని నవ్వి, కళ్లు తుడుచుకుని, మామ భుజం మీద చరిచాడు. "భలే భలే! రాయి పెట్టినాడయ్యా దొంగ నాయాలు! వన్స్‌మోర్!" మా ఆయన వంగి దండం పెట్టి, మళ్లీ గరిటె దించాడు. మామ కుర్చీలో కదలలేదు. మెడలో దండ కూడా కదలలేదు.

సరిగ్గా అప్పుడు ఫొటోల ఆయన నల్లగుడ్డలోంచి తల బయటికి పెట్టాడు. చుట్టూ చూశాడు. మూడుకాళ్ల పెట్టెను వేదిక నుంచి మెల్లగా జనం వైపు తిప్పాడు. మళ్లీ గుడ్డలో దూరాడు.

తర్వాత నాటకం సాగింది. ఆదోని వాళ్లకేం తెలుసు, సాగించారు. జనం మాత్రం ఒకరొకరే లేచారు. కేకల్లేవు, తిట్లు లేవు. చావింట్లోంచి చెప్పకుండా పోతారు చూడండి, అట్లా పోయారు. రైలు టైమైందని పార్టీ పెద్ద కూడా చివరిదాకా ఉండలేదు. పోతూ పోతూ మామ చెయ్యి పట్టుకుని ఊపాడు. "గద్యానికి వన్స్‌మోర్ అంటే నేను యాడా సూడలేదు నరసింహప్పా! మీ ఇంటిమీద జనానికి ఎంత ప్రేమ ఉండాదో ఇంగ సూడాల్సిన పని లేదు. టిక్కెట్టు నీదే."

రష్యా ఆయన ప్రాణం పెట్టిన చివరి ఘట్టం ఖాళీ చాపల ముందు జరిగింది. బాగా బిగుసుకున్నారు పాపం.

ఇంటికొచ్చాక మా ఆయన కాళ్లు నేల మీద లేవు. "సూస్తివా? పద్యం లేకుండా! పద్యం లేకుండా నాకు..." అంటూ ముఖం కడుక్కుంటున్నాడు. నేను తువ్వాలు అందించాను. ఆయన కరువప్పుడు మద్రాసులో లా చదువుతున్నాడు. తండ్రి పంపించిన దానితోనే.

దీపాలు పెట్టే వేళకు మామ వాకిలి ముందున్న జగిలి అరుగు మీద కూర్చున్నాడు. దండ తీసి పక్కన పెట్టాడు. నన్ను పిలిచాడు.

"అమ్మా, ఇట్లరా."

బీయే అనలేదు. వచ్చి స్తంభం పక్కన నిలబడ్డాను. లోపలి గుమ్మం వెనక అత్త గాజులు ఒకసారి గలగలమని ఆగాయి.

"వాడు రాసింది కాదు అది. వాడికంత తెలివి లేదు. నువ్వు గదా రాసింది?"

"అవును మామా."

"ఎవురు సెప్పిరి నీకు? గిడ్డమ్మనా?"

"ఎవరూ చెప్పలేదు మామా. ఒట్టు. నవ్వుతారని నేనే కల్పించినా."

ఆయన నా ముఖం కేసి చూశాడు. అబద్ధమా కాదా అని తూచి చూసే చూపు. తూచడం అయిపోయాక చూపు దించుకున్నాడు.

"తాసిల్దారు వస్తాడు. గంగాళం నిండా ఉండాదా అంటాడు, సంతకం పెడతాడు, పోతాడు. రోజూ అంతే. ఆ యేడు మనింటికి కరువు రాలేదు." పక్కనున్న దండను ఇంకొంచెం దూరం జరిపాడు. "నాకూ ఎవురూ సెప్పలేదమ్మా. నీ మాదిరే. అట్ల తట్టింది."

పొయ్యి మీద పాలు పొంగేలోగా తట్టింది నాకు. ఆయనకెంతసేపు పట్టిందో అడగలేదు. స్తంభం పట్టుకుని నిలబడ్డాను. లోపల మా ఆయన ఇంకా తువ్వాలుతో ముఖం తుడుచుకుంటూ కూనిరాగం తీస్తున్నాడు, శ్రుతి లేకుండా.

టిక్కెట్టు వద్దని మామ అనలేకపోయాడు. వద్దంటే ఎందుకని అడుగుతారు. పుష్యమాసమంతా జీపు తిరిగింది. ఆడవాళ్లతో మాట్లాడడానికి చదువుకున్న కోడలు కూడా ఉంటే బాగుంటుందని పార్టీ వాళ్లు నన్నూ ఎక్కించారు.

మొదటి ఊళ్లో తప్పెట్లు కొట్టారు, హారతులిచ్చారు, దండలేశారు. నరసింహప్ప అరుగెక్కి, "అమ్మల్లారా, అయ్యల్లారా," అన్నాడు.

ఏదో ఇంటి లోపల్నుంచి, ఠంగ్ మంది.

ఒకేసారి. ఎవరింట్లోనో తెలీదు. జనం తలలు తిప్పలేదు. ముందు వరసలో ముసలాయన చేతులు కట్టుకుని, వినయంగా, మిగతా మాట కోసం ఎదురుచూస్తున్నాడు. మామ గొంతు సవరించుకుని మళ్లీ మొదలుపెట్టాడు.

"అమ్మల్లారా..."

ఠంగ్.

మరుసటి ఊళ్లోనూ అంతే. ఆపై ఊళ్లోనూ. మర్యాదకు లోటు లేదు. మజ్జిగ ఇచ్చారు, ఆశీర్వదించారు, మీకే వేస్తామన్నారు. ఆ ఒక్క చప్పుడు మాత్రం ముందే వెళ్లి మా కోసం కూర్చునేది. పిల్లకాయల అల్లరని మా ఆయన అనుకున్నాడు, కొన్ని ఊళ్ల దాకా. ఒక ఊళ్లో చప్పుడయ్యాక తండ్రి ముఖం చూశాడు, తర్వాత నా ముఖం చూశాడు. జీపు దిగి, కోటు విప్పి చేతిమీద వేసుకుని, రోడ్డు పట్టుకుని నడిచి ఇంటికొచ్చేశాడు. ఆ పైన ఆయన నాటకాలాడలేదు. ఎందుకు మానేశావని ఎవరన్నా అడిగితే, నాకు పద్యం రాదు గదప్పా అనేవాడు.

ఓట్లు లెక్కపెట్టిన రోజు కడప నుంచి ఆశ్చర్యపోతూ మనిషిని పంపించాడు పార్టీ పెద్ద. అంత ప్రేమ కళ్లారా చూశాను, ఇంత ఘోరంగా ఎట్ల ఓడిపాయె అని.

ఎన్నికల సందడి చల్లారాక, ఎండలు ముదిరే వేళకు, ఆదోని ఆయన ఫొటో తెచ్చిచ్చాడు. కాస్త భయపడుతూనే ఇచ్చాడు. "మీరు సెప్పినట్లే తీసినా సారూ. అందరూ బొమ్మల మాదిరి బిగుసుకపోయినప్పుడు. స్టేజీ మీదోళ్లు కదుల్తాండారు, కిందోళ్లు కదల్లేదు. అందుకని..."

దాన్ని పుస్తకంలో, చివరి ఫొటో తర్వాత పెట్టాను. ఒకనాడు మధ్యాహ్నం మామ భోంచేసి లేస్తూ, నా చేతిలో పుస్తకం చూసి చెయ్యి చాపాడు. జగిలి మీద కూర్చుని, కళ్లద్దాలు పెట్టుకుని, వెనకనుంచి పేజీలు తిప్పాడు.

"ఎవురు వీళ్లు?"

"రష్యా వాళ్లు మామా. ఈ పక్కవాళ్లు జర్మనీ. అందరిదీ అదే నాటకం."

"బెంగాలంటిరి గదా."

నేను తలొంచుకున్నాను. ఆయన ఒక్కొక్క ఫొటో చూశాడు, టోపీలూ, గౌన్లూ, బెదిరిన కళ్లూ. "అందరూ నోళ్లు తెర్సుకోని ఉండారే," అన్నాడు. తర్వాత మాది తీసి వెలుతురుకు పట్టుకున్నాడు. చాందినీ కింద ఊళ్లకు ఊళ్లు. కంబన్న చేతులు ఒళ్లో ఉన్నాయి. గిడ్డమ్మ ఉంది. పక్కన మా అత్తా, నేనూ. చాలాసేపు చూశాడు. వేలితో ఒక్కొక్క ముఖం మీదుగా పోయాడు, వరస తప్పకుండా, ఎవరినీ వదలకుండా.

"మనోళ్లల్లో ఒగరు గూడా నోరు తెరవలేదు," అన్నాడు.

ఫొటో ఇంకా వెలుతురులోనే ఉంది. వేలు గిడ్డమ్మ ముఖం దగ్గర ఆగింది.

"ఆ పొద్దు గూడా ఇట్లే కూసోనుండిరమ్మా. గంజి పోసేదాకా."